మా తోటికోడలు రాసిన ఒక్క వాక్యం

నాకు మా తోటికోడలంటే కుళ్ళు. ఈ మాట ఇంట్లో ఎవరికీ చెప్పలేదు, అయినా అందరికీ తెలుసు. నగల దగ్గరో పిల్లల మార్కుల దగ్గరో మొదలై ఉంటే ఇంతగా చెప్పుకోవలసింది ఏమీ లేదు. మా ఇద్దరికీ ఉన్న బంగారం అంతంతమాత్రమే, మా అత్తగారు ఇద్దరినీ సమానంగానే తిడతారు. నా కుళ్ళు ఒక వాక్యం దగ్గర మొదలైంది. ఆ వాక్యం తను రాసింది. రాయవలసింది నేను.

భీమవరం పక్కన ఒక రొయ్యల ప్లాంటులో ఇద్దరం పనిచేసేవాళ్ళం. నేను టైమ్ ఆఫీసులో గుమాస్తాని. గేటు పక్కనే కిటికీ ఉన్న చిన్న గది నాది. ఎవరు వచ్చారు, ఎవరు రాలేదు, ఏ ఊరి బస్సు ఎన్నింటికి లోపలికి వచ్చింది, అన్నీ నేనే రాయాలి. బీకాం పాసయ్యాను. తను పదో తరగతితో ఆగిపోయింది. రొయ్యల తొక్క తీసే హాల్లో పని, పొద్దస్తమానం ఐసు నీళ్ళలో చేతులు. నేను స్కూటీ మీద వెళ్ళేదాన్ని, తను ఊళ్ళ వెంబడి ఆడవాళ్ళని ఎక్కించుకొచ్చే కంపెనీ బస్సులో. కొత్తలో ఒకసారి నా వెనక ఎక్కమన్నాను. "మావాళ్ళతో వస్తాలే అక్కా, కబుర్లుంటాయి" అంది. మళ్ళీ నేను అడగలేదు.

చెరువుల్లో తెగులు వచ్చినా, అవతలి దేశం వాళ్ళు సుంకం పెంచినా ప్లాంటుకి సరుకు తగ్గేది. సరుకు తగ్గితే వీళ్ళకి పని పోయేది. పని పోయినవాళ్ళకి ప్రభుత్వం ఇచ్చే భృతి ఒకటుంది కానీ అది బీమా కార్డు ఉన్నవాళ్ళకి. మావాళ్ళలో చాలామంది ఏ లెక్కలోనూ లేరు. అందుకని ఆడవాళ్ళందరూ ఒక సంఘం పెట్టుకున్నారు. పని ఉన్నప్పుడు జీతంలోంచి తలా కాస్త వేసుకోవడం, పని లేనప్పుడు అందులోంచి సగం కూలీ తీసుకోవడం. దానికి ఖాళీ రోజుల ఫండు అని వాళ్ళే పేరు పెట్టుకున్నారు. సంఘానికి ప్రెసిడెంటు, రొయ్యల్ని సైజుల వారీగా వేరుచేసే గ్రేడింగ్‌లో పనిచేసే ఒక పెద్దావిడ. ఆవిడ నా కిటికీ దగ్గరకొచ్చి, "చదువుకున్నవారు, రూల్సు మీరే రాసిపెట్టాలండి" అంది.

నేను నెల రోజులు కూర్చుని రాశాను. ఏ దేశంలో పని పోయినవాళ్ళకి ఎలా ఇస్తారో ఫోన్లో చదివాను. ఎన్నాళ్ళు ఆగాక ఇవ్వాలి, ఎన్నాళ్ళ తర్వాత ఆపాలి, తమంతట తాము మానేసినవాళ్ళని ఎలా కనిపెట్టాలి, ఇవన్నీ ఆలోచించినవాళ్ళు ప్రపంచంలో ఇంతమంది ఉన్నారని నాకు అప్పటిదాకా తెలియదు. టైమ్ ఆఫీసులో ఒకరి రాకపోకలు రాయడం తప్ప మరో పని ఎరగని నాకు ఆ నెల పండగలా గడిచింది. మొత్తం పన్నెండు పేజీలు వచ్చింది. డీటీపీ చేయించి, పైన ప్లాస్టిక్ అట్ట వేయించాను. అందులో నాకు బాగా నచ్చిన రూలు మూడోది. పని పోయినట్టు కంపెనీ ఇచ్చిన లెటరు ఉండాలి, వరసగా ఏడు రోజులు పని లేకుండా ఉండాలి, అప్పుడే ఫండు ఇవ్వాలి. అది లేకపోతే పెళ్ళిళ్ళకి మానేసినవాళ్ళూ, పుట్టింటికి వెళ్ళినవాళ్ళూ అందరూ చెయ్యి చాపుతారని మీటింగులో వివరంగా చెప్పాను. అందరూ విన్నారు. ఎవరూ ఏమీ అడగలేదు. అర్థమైంది కాబట్టే అడగలేదనుకున్నాను.

ఆ ఏడాది వానలు మొదలయ్యాక ఆర్డర్లు పడిపోయాయి. కాగితాలు చూసే పని కూడా సంఘం నాకే అప్పగించింది కాబట్టి, పని లేనివాళ్ళు ఒక్కొక్కళ్ళే నా దగ్గరకి రావడం మొదలుపెట్టారు. లెటరు ఏదీ అని అడిగాను. కంపెనీ ఆఫీసుకి పంపాను. వాళ్ళు వెళ్ళి తిరిగొచ్చారు. "మేం ఎవర్నీ తియ్యలేదంటున్నారండి" అన్నారు.

అది నిజమే. మా దగ్గర ఎవర్నీ పనిలోంచి తియ్యరు. నిన్ను తీసేశాం అని ఏ ప్లాంటులోనూ ఎవరూ చెప్పరు. సరుకు లేని రోజు ఆ ఊరికి బస్సు పంపరు, అంతే. ఆడవాళ్ళు టిఫిన్ డబ్బా పట్టుకుని రోడ్డు మీద నిలబడతారు, చూస్తారు, ఇంటికి వెళ్ళిపోతారు. మర్నాడూ నిలబడతారు. వాళ్ళు వేరే ప్లాంటుకి పోకుండా ఐదారు రోజులకి ఒకసారి బస్సు పంపిస్తారు. ఇదంతా నాకు అందరికన్నా బాగా తెలుసు, బస్సుల పుస్తకం రాసేది నేనే. తెలిసీ, పన్నెండు పేజీలు రాసేటప్పుడు నాకు గుర్తు రాలేదు. ఎక్కడి దేశాల రూల్సో గుర్తొచ్చాయి గానీ, నా కిటికీ ముందు జరిగేది గుర్తు రాలేదు.

లెటరు కావాలంటే కావాలన్నాను. పాపం, తెచ్చారు. ఒకావిడ పంచాయతీ ఆఫీసు నుంచి తెచ్చింది. ఒకావిడ చేతివేళ్ళు పాసిపోయాయని ఆర్‌ఎంపీ డాక్టరు చేత రాయించుకొచ్చింది. మరొకావిడైతే బస్సు డ్రైవరు చేత రాయించుకొచ్చింది. డీజిలు బిల్లు వెనక, బాల్ పెన్నుతో, "ఈ నెలలో పద్నాలుగు రోజులు నేను ఆ ఊరు రాలేదు" అని రాసి కింద సంతకం పెట్టాడు. నేను మూడింటినీ తిప్పి పంపాను. ఆ రాత్రి భోజనాల దగ్గర డ్రైవరు లెటరు సంగతి చెప్పి అందర్నీ నవ్వించాను. మా ఆయనకి పొలమారింది.

తోటికోడలు నవ్వలేదు. "అది చాలదా అక్కా?" అంది.

"ఏది?"

"డ్రైవరు రాసింది. బస్సు రాలేదంటే పని లేనట్టే కదా. ఇంకా కంపెనీవాళ్ళు చెప్పేదేంటి?"

"అలా అయితే మానేసినవాళ్ళు కూడా రాయించుకొస్తారు" అన్నాను.

"బస్సొచ్చినప్పుడు ఎక్కకపోతే మానేసినట్టు. బస్సే రాకపోతే ఎవరూ మాననట్టు. స్టాపులో ముప్పై మంది ఉంటారు, అబద్ధం చెప్పడానికి కుదరదు" అంటూ తను పెరుగు వడ్డించింది.

పని పోయినవాణ్ణీ, పని మానేసినవాణ్ణీ ఎలా విడదీయాలో నేను నెల రోజులు చదివాను. తను పెరుగు వడ్డిస్తూ విడదీసింది. చాలా మంచి మాట అని నాకు అప్పుడే తెలిసింది. తెలిసింది గనకే ఒళ్ళు మండింది. "రూల్సంటే అంత తేలిక కాదమ్మా" అని చెయ్యి కడుక్కున్నాను.

ఆ ఆదివారం సంఘం మీటింగులో తను లేచి ఆ మాటే చెప్పింది. ఏడు రోజులు వరసగా ఉండాలన్నది కూడా తీసేయమంది. మధ్యలో ఒకరోజు బస్సు పంపించి కంపెనీవాళ్ళు లెక్క చెడగొడుతున్నారు కాబట్టి నెల మొత్తం మీద రాని రోజులు లెక్కపెట్టాలంది. "సగం కూలీ కోసం ఎవరూ ఇంట్లో కూర్చోరండి, బస్సొస్తే మొత్తం కూలీ వస్తుంది కదా, ఎక్కేస్తారు" అంది. హాల్లో ఒక్కసారిగా గోల లేచింది. నా పన్నెండు పేజీలకి నోరు మెదపనివాళ్ళు ఆ రోజు ఒకళ్ళ మాట ఒకళ్ళని విననివ్వలేదు. ప్రెసిడెంటు గారు నా ప్లాస్టిక్ అట్ట పుస్తకం తెరిచి, మూడో రూలు కొట్టేసి, పక్కన మా తోటికోడలి చేతే రాయించారు. "కంపెనీ బస్సు రాని రోజు పని లేని రోజు." అక్షరాలు గుండ్రంగా, చిన్నపిల్లలు రాసినట్టు ఉన్నాయి.

రాని బస్సుల లెక్క కోసం మర్నాడు తను నా కిటికీ దగ్గరకొచ్చింది. "నీ పుస్తకంలో ఉంటుంది కదక్కా, నెలకోసారి ఫోటో తీసుకుంటాం" అంది. కంపెనీ కాగితాలు బయటికి ఇవ్వకూడదన్నాను. అది కూడా నిజమే. కానీ ప్రెసిడెంటు గారు అడిగి ఉంటే ఇచ్చేదాన్నని నాకు తెలుసు. తను వాదించలేదు. వారం తిరిగేసరికి ఊరికొకళ్ళు చొప్పున వాట్సాప్ గ్రూపులో వాయిస్ పెట్టడం మొదలైంది. పొద్దున్నే నా ఫోన్ నిండా గొంతులే. "ఆరున్నర అయిందండి, మాకు రాలేదు." "మాకొచ్చిందండి, ఎక్కేశాం." "మాకు రాలేదు, వాన పడుతోంది, ఇంటికెళ్ళిపోతున్నాం." నా పుస్తకంతో వాళ్ళకి ఇక పని లేకపోయింది. ఆ గ్రూపులోంచి బయటికి వచ్చేద్దామని ఎన్నోసార్లు అనుకున్నాను. రాలేదు. రోజూ వినేదాన్ని, ఎక్కడైనా తప్పు దొర్లుతుందేమోనని.

తప్పు దొర్లలేదు. ఆ దసరాకి చాలా ఇళ్ళలో కొత్తగా అప్పు చేయవలసిన పని పడలేదని విన్నాను. నరసాపురం వైపు నుంచి ఇంకో ప్లాంటు ఆడవాళ్ళు నలుగురు ఆ రూలు ఎలా పెట్టుకున్నారో తెలుసుకుందామని మా ఇంటికే వచ్చారు. తను వరండాలో కూర్చుని చెబుతోంది, నేను కాఫీలు పట్టుకెళ్ళాను. అందులో ఒకావిడ గ్లాసు అందుకుంటూ నన్ను చూసి మర్యాదగా, "మీరు కూడా పనికి వెళ్తారా అండి?" అంది. మా అత్తగారు లోపల్నుంచి, "పెద్దకోడలు ఆఫీసులో అండి" అన్నారు. ఆ మాటకి అంతకుముందు మా ఇంట్లో కాస్త బరువుండేది. ఆ రోజు ఎవరూ తల తిప్పి చూడలేదు.

అప్పటినుంచి నాకు ఒకటే ధ్యాస. తను రాసిన వాక్యంలో ఎక్కడో కన్నం ఉండాలి. ఉండకుండా ఎలా ఉంటుంది, పదో తరగతి చదివిన మనిషి నిలబడి చెప్పిన రూలు అది. కూర తరుగుతూ, స్కూటీ నడుపుతూ అదే ఆలోచించేదాన్ని. నవంబరులో దొరికింది.

ప్లాంటు వెనక కాలవ గట్టున ఒక కాలనీ ఉంది. అక్కణ్ణుంచి నలుగురు ఆడవాళ్ళు నడిచే పనికి వస్తారు. వాళ్ళకి బస్సు లేదు. అంతదాకా సరుకు లేని రోజున కూడా వాళ్ళకి ఏదో ఒక పని దొరికేది, ఆ నెల నుంచి గేటు దాకా వచ్చి, వాచ్‌మన్ వద్దంటే తిరిగి వెళ్ళిపోతున్నారు. బస్సే లేనివాళ్ళకి బస్సు రాని రోజు ఎక్కడుంటుంది? వాళ్ళకి ఫండు రావడం లేదు. అందరితో పాటు నెలనెలా కడుతూనే ఉన్నారు. వాళ్ళు అమాయకులు, రూలు అంటే రూలే అనుకున్నారు.

ఆ రోజు నాకు ఎంత సంతోషమైందో రాయడానికి సిగ్గుగా ఉంది. మధ్యాహ్నం డబ్బాలో అన్నం మొత్తం తిన్నాను. ఆ సాయంత్రమే వెళ్ళి ప్రెసిడెంటు గారికి చెబితే సరిపోయేది. చెప్పలేదు. ఏప్రిల్లో సంఘం పెద్ద మీటింగు ఉంటుంది, అన్ని ఊళ్ళవాళ్ళూ వస్తారు. అక్కడ లేచి చెప్పాలనుకున్నాను. తన ముఖం ఎలా ఉంటుందో కూడా ఊహించుకునేదాన్ని. ఏప్రిల్ దాకా ఆ నలుగురూ నా కిటికీ ముందు నుంచే వస్తూ పోతూ ఉన్నారు. అందులో ఒకావిడ రోజూ ఆగి, "రేపైనా ఉంటుందాండి?" అని అడిగేది. తెలియదమ్మా అనేదాన్ని. జనవరిలో ఆవిడ రావడం మానేసింది. ఇద్దరు పిల్లల్ని తీసుకుని మండపేటలో అమ్మగారింటికి వెళ్ళిపోయిందనీ, అక్కడ రైస్ మిల్లులో చేరిందనీ మిగతావాళ్ళు చెప్పారు. నాకు కాస్త మనసు పీకింది. అయినా ఏప్రిల్ ఎంతో దూరం లేదనుకున్నాను.

మార్చిలో గేటు దగ్గర మెషీన్ పెట్టారు. దాని ముందు నిలబడితే ముఖం చూసి టైము అదే రాసుకుంటుంది. మేనేజరు నన్ను పిలిచి కూర్చోబెట్టి టీ ఇప్పించారు. "మిమ్మల్ని తీసెయ్యడం కాదండి. ప్రస్తుతానికి ఇంట్లో ఉండండి, అవసరమైతే ఫోన్ చేస్తాం" అన్నారు. పన్నెండేళ్ళు కూర్చున్న గదిలోంచి నా దువ్వెనా, టిఫిన్ డబ్బా తెచ్చుకున్నాను. ఫండుకి నేను కూడా నెలనెలా కట్టినదాన్నే, ఇంటికి వచ్చాక లెక్క చూసుకున్నాను. నేను రాసిన రూలు ప్రకారం నాకు లెటరు లేదు. తను రాసిన రూలు ప్రకారం నాకు బస్సు లేదు. నేను కనిపెట్టిన కన్నంలో నేనే ఉన్నాను.

అడగడానికి మనసొప్పలేదు. రెండు వారాలు పొద్దున్నే లేచి, జడ వేసుకుని, ఫోన్ దగ్గర పెట్టుకుని కూర్చున్నాను. తను పనికి వెళ్ళేటప్పుడు నా వైపు చూడకుండా చెప్పులేసుకునేది. జాలి పడితే పట్టలేనంత కోపం వచ్చేది, పడలేదని కూడా కోపమే వచ్చేది.

ఏప్రిల్ మీటింగు వచ్చింది. హాలు నిండిపోయింది. నేను లేచి చెప్పాలనుకున్న మీటింగు అది. నేను వెనక వరసలో గోడకి ఆనుకుని కూర్చున్నాను. తనే లేచింది. "నేను రాసిన రూల్లో ఒక తప్పుందండి" అంది. బస్సు లేనివాళ్ళ సంగతి మర్చిపోయానని చెప్పింది. పిలుస్తామని చెప్పి పిలవకపోతే అది కూడా బస్సు రానట్టే లెక్క అని రాద్దామంది. అందరూ నన్ను చూశారు. ఆ తర్వాత తను నా వైపు తిరిగి, "అక్కా, బస్సు లేనివాళ్ళు ఇంకెవరైనా ఉన్నారా? గేటు దగ్గర కూర్చున్నది నువ్వే కదా" అని అడిగింది.

నేను లేచి నిలబడ్డాను. "కాలవ గట్టు నుంచి నడిచొచ్చేవాళ్ళు ఉన్నారు, నలుగురు" అన్నాను. వెంటనే, "ఇప్పుడు ముగ్గురు" అన్నాను.

"ఎప్పట్నుంచి చూస్తున్నారండి మీరు?" అని అడిగారు ప్రెసిడెంటు గారు. పాత రోజులు కూడా కట్టివ్వాలి కాబట్టి అడిగారు.

"ఈమధ్యేనండి. మార్చిలో."

హాలంతా చప్పట్లు కొట్టారు. నాకు. తన ఉద్యోగం పోయి కూడా వాళ్ళ సంగతి ఆలోచించింది అని ఎవరో అన్నారు. ముందు వరసలో కూర్చున్న కాలవ గట్టు ఆవిడ లేచి వెనక్కి తిరిగి నాకు దణ్ణం పెట్టింది. ఇన్ని నెలలుగా నేను కోరుకున్నది అదే, సరిగ్గా ఆ హాల్లో, అంతమంది ముందు. తోటికోడలు తలొంచుకుని సంఘం పుస్తకంలో "మార్చి నుంచి" అని రాసుకుంది.

ఇంటికి వచ్చాక తను వంటగదిలో బియ్యం కడుగుతోంది. పుస్తకం గట్టు మీద ఉంది. నేను మంచినీళ్ళకని వెళ్ళాను.

"నాలుగో ఆవిడ జనవరిలోనే వెళ్ళిపోయింది కదక్కా" అంది, బియ్యం మీంచి తల ఎత్తకుండా.

నేను బిందె మీద మూత తీసి నీళ్ళు ముంచుకున్నాను.

"మొన్న సంతలో ఆ ముగ్గురిలో ఒకావిడ కనిపించి చెప్పింది. నవంబరు నుంచి వాళ్ళు గేటు దాకా వచ్చి తిరిగెళ్తుంటే నువ్వు కిటికీలోంచి చూస్తూనే ఉన్నావంట. నువ్వే చెబితే బావుంటుందని మీటింగులో అడిగాను" అంది. కడిగిన నీళ్ళు వంపి, ఎసట్లో బియ్యం పోసి, పెరట్లో బట్టలు తీసుకురావాలని బయటికి వెళ్ళిపోయింది.

నాకు ముందు వచ్చింది సిగ్గు కాదు. కుళ్ళే. నేను తన స్థానంలో ఉంటే అంతమందిలో పేరు పెట్టి నిలదీసి ఉండేదాన్ని. ఐదు నెలలు దాని కోసమే కాచుకుని కూర్చున్నాను. తనకి అవకాశం చేతిలో ఉంది, వాడుకోలేదు. ఆ గుణం కూడా తనకే ఇచ్చాడా దేవుడు అనుకున్నాను. సిగ్గు ఆ తర్వాత వచ్చింది, వచ్చాక పోలేదు.

పుస్తకం తెరిచాను. మార్చి కొట్టేసి నవంబరు అని రాశాను. మండపేట వెళ్ళిపోయిన ఆవిడ పేరు రాసి, జనవరి వరకు అని పెట్టాను. కొట్టివేత ఉన్నచోట కొట్టేసినవాళ్ళు పక్కన సంతకం చెయ్యాలి. టైమ్ ఆఫీసులో పన్నెండేళ్ళు నేను అందరిచేతా చేయించాను, ఎవరెంత బతిమాలినా వదల్లేదు. మర్నాడు ప్రెసిడెంటు గారు ఆ పేజీ తెరుస్తారు, ఆ ముగ్గురికీ చదివి వినిపిస్తారు, ఎవరు దిద్దారో చెబుతారు. నేను పూర్తి పేరుతో సంతకం చేశాను.